సున్నం వేసిన రాళ్లు

అమెరికాలో మేమున్న ఊళ్లో తెలుగువాళ్ల కూడికలు ఎప్పుడు జరిగినా, ఎవరో ఒక పెద్దాయన మైకు పట్టుకుని, తాము వచ్చిన కొత్తలో ఇక్కడ కరివేపాకు కూడా దొరికేది కాదని, అందరికంటే ముందొచ్చి దారి వేసిన పయనీర్లం తామేనని మొదలుపెట్టేవాడు. నాకు ఒళ్లు మండేది. విమానంలో వచ్చి, అద్దె కారెక్కి, హీటర్ వేసుకుని దుప్పటి కప్పుకుని పడుకున్న వాళ్లం మనం పయనీర్లమేమిటి, నా మొహం! పక్కనున్న మా ఆయన నా మోచెయ్యి గిల్లేవాడు, నోరు జారతానేమోనని. అసలు పయనీరు ఎలా బతికాడో నాకు మా పక్కింటి పెద్దావిడ చెప్పింది. అతని సమాధి మా పెరటి కంచె అవతలే ఉండేది.

మేము కోస్తా జిల్లాల క్రైస్తవులం. మా ఆయనది సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. నేను రీసెర్చ్ పార్కులో ఒక మందుల కంపెనీ ల్యాబ్‌లో మాత్రలు పరీక్ష చేసేదాన్ని. రెండు వేల మూడులో మోరిస్‌విల్‌లో ఇల్లు కొన్నాం. వీధికి చివరిది మా ఇల్లే. మా పక్కన ఒక పాత చెక్క ఇల్లు, వెనకంతా అడవి. ఆ చెక్క ఇంట్లో డెబ్భై దాటిన తెల్లావిడ ఒక్కతే ఉండేది. స్కూలు బస్సు నడిపి రిటైరైన మనిషి. పెళ్లి చేసుకోలేదు. ఉన్న ఒక్క తమ్ముడూ పిల్లల్లేకుండానే పోయాడు. పోయేముందు అక్కతో మాట మాత్రమైనా అనకుండా, ఆ ఇల్లు తప్ప మిగతా భూమంతా ఇళ్లు కట్టే కంపెనీకి అమ్మేశాడట. మా ఇల్లు లేచింది ఆ భూమిలోనే.

మేము దిగిన వారానికే ఆవిడ మా తలుపు కొట్టింది. కేకో బిస్కెట్లో తెచ్చిందనుకుని నవ్వుతూ తలుపు తీశాను. ఆవిడ చేతులూపుకుంటూ వచ్చి, మీ కంచె మా వాళ్ల సమాధుల దారికి అడ్డం పడింది, మీ పెరట్లోంచి వెళ్లొచ్చా అని అడిగింది. నేను కొత్త ఇంటి ఇల్లాలిని, గచ్చు మీద మట్టి పడితేనే అరిచే రకాన్ని. మా స్థలంలోంచి రోజూ ఎవరో నడిచి వెళ్లడమేమిటని గొణిగాను. ఆవిడ గుమ్మంలో నిలబడే ఉంది. సమాధి అనే మాటకి మా ఇంటావంటా ఉన్న గౌరవం వల్ల కాదనలేకపోయాను. మా ఆయన ఆ వారాంతంలోనే కంచెకి చిన్న గేటు పెట్టించాడు.

మొదటిసారి ఆవిడ వెంట వెళ్లినప్పుడు నాకక్కడ సమాధులేమీ కనిపించలేదు. రెండు ముసలి సీడర్ చెట్లు, నేలంతా అల్లుకున్న నీలం పూల తీగ, అక్కడక్కడా తీగలోంచి తల పైకెత్తిన బండరాళ్లు. పేర్లు లేవు, సిలువలు లేవు. కొన్ని రాళ్లు ఒరిగిపోయాయి, కొన్ని పడిపోయాయి. నేల అక్కడక్కడా గుంటలు పడి ఉంది. ఆవిడ మాత్రం అక్కడ ఇంటి వసారాలో తిరిగినట్టు తిరిగింది. ఇతను ముసలాయన, ఈవిడ ఆయన భార్య, ఇదిగో ఇది చిన్నది అంటూ ఒక్కొక్కరినీ పరిచయం చేసింది.

ముసలాయన అంటే మొన్నమొన్న పోయిన తాతగారేమో అనుకున్నాను. తీరా చూస్తే అమెరికా అనే దేశమే ఇంకా లేని రోజుల మనిషి. అప్పటికి తెల్లవాళ్ల ఊళ్లన్నీ సముద్రం పక్కనే ఉండేవట. మేమిప్పుడు కాఫీ కప్పులు పట్టుకుని ట్రాఫిక్‌లో విసుక్కునే ఈ చోటే ఆనాటి సరిహద్దు. వర్జీనియా వైపు నుంచి ఒక గుర్రం, ఒక ఆవు, ఒక గొడ్డలి, ఒక ఇనప కుండ, నిండు గర్భిణి భార్య, ఇంతే ఆస్తితో వచ్చాడట. అడవి ఖాళీగా ఏమీ లేదు, అప్పటికే అక్కడ బతుకుతున్నవాళ్లు ఉన్నారు. వాళ్లు ఏమయ్యారని అడిగితే, మా ఇంట్లో ఆ కథ ఎవరూ చెప్పలేదు హనీ, ఎందుకు చెప్పలేదో నీకూ తెలుసు నాకూ తెలుసు అనేది.

చెట్లన్నీ నరకడం ఒక్కడి వల్ల ఎక్కడవుతుంది? మొదళ్లకి చుట్టూ బెరడు చెక్కేసి వదిలేసేవాడట. నిలువునా ఎండిపోయిన ఆ మానుల మధ్యే మొక్కజొన్న విత్తాడు. గాలి వేస్తే ఏ కొమ్మ నెత్తిన పడుతుందోనని పైకి చూసుకుంటూ కలుపు తీసేవారట. ఉప్పు దొరక్క వేటాడిన మాంసం కుళ్లిపోయేది. పొయ్యి ఆరిపోతే ఆ ఇల్లాలు నిప్పు కోసం ఎక్కడో ఉన్న పొరుగింటికి అడవిలో నడిచి వెళ్లి, కుండలో బొగ్గులు తెచ్చుకునేది. చలిజ్వరం ఏటా వచ్చిపోయేది. నేను పొద్దస్తమానం జ్వరం మాత్రలు నూరి పరీక్షించేదాన్ని కదా, ఆ ఒక్క మాట నా గుండెలో గుచ్చుకుంది.

మొదటి చలికాలం వాళ్లకి ఇల్లు కూడా లేదు. వాలు కొమ్మల మీద ఆకులు కప్పుకున్న పాకలోనే ఆవిడ ప్రసవించింది. ఆడపిల్ల. మంచు కరగకముందే పోయింది. ఇల్లు కట్టకముందే సమాధి తవ్వుకున్నారు. కొన్నాళ్లకి నేల సారం పోయింది, చుట్టుపక్కల వాళ్లంతా బళ్లు కట్టుకుని ఇంకా పడమటికి వెళ్లిపోతున్నారు. ముసలాయనా బండి కట్టాడు. భార్య ఎక్కలేదు. ఆ చిన్నదాన్ని వదిలి రానని రాయి పక్కన కూర్చుందట. ఏ బతిమాలడానికీ లేవలేదు. చివరికి ఆయనే గుర్రాన్ని విప్పేశాడు. మా వంశం ఇక్కడ ఉండిపోయింది ఆ చిన్నదాని వల్లే అనేది పెద్దావిడ.

అలా కొన్నేళ్లు గడిచాయి. ఆవిడ గేటు తీసుకుని వెళ్లడం, వచ్చేటప్పుడు మా వంటింట్లో కాసేపు కూర్చోవడం అలవాటైపోయింది. నా ఉప్మాని మొహమాటం లేకుండా వద్దనేది, నిమ్మకాయ ఊరగాయని మాత్రం వేలితో నాకేది. ఒకరోజు కుర్చీలో కూర్చుని ఆయాసపడుతూ, గుండె పని అయిపోవచ్చిందని డాక్టరు చెప్పినట్టు చెప్పింది. ఏడవలేదు. నా చెయ్యి పట్టుకుంది.

"నాకు ఇంకేమీ వద్దు హనీ. నన్ను అక్కడే, ఆ చిన్నదాని పక్కన పెట్టించు. వేరే ఎక్కడా వద్దు."

అలాగేనని మాటిచ్చాను. ఎంత తేలికనుకున్నానో! టౌన్ ఆఫీసులో అడిగితే, ఆ భూమి ఇప్పుడు కంపెనీది, అది శ్మశానమని ఏ దస్తావేజులోనూ లేదు అన్నారు. అయినా దారి ఉందన్నారు. కంపెనీ తర్వాతి విడత ఇళ్ల ప్లాన్ ఇచ్చినప్పుడు ఒక పురావస్తు నిపుణురాలు వచ్చి నేల చూస్తుంది. సమాధులు ఉన్నాయని తేలితే ఆ చోటు వదిలెయ్యాల్సిందే, అప్పుడు అక్కడ ఆవిడని పెట్టడానికీ అనుమతి అడగొచ్చు. సమాధులు ఉన్న మాట నిజమే కదా, ఇంక భయమేముంది అనుకున్నాం. ఇంతలో మార్కెట్ కుప్పకూలింది. ఇళ్లు కొనే నాథుడు లేడు. మా వీధిలోనే ఉద్యోగాలు పోయి ఇళ్లు వదిలేసి వెళ్లినవాళ్లు ఉన్నారు. కంపెనీ పని ఆపేసింది. ఆవిడ గుండె మాత్రం ఆగకుండా కొట్టుకుంటూ ఎదురుచూసింది.

ఆ రోజుల్లోనే ఒక ఆదివారం ఆవిడని మా తెలుగు సంఘానికి తీసుకెళ్లాను. ఒక అమెరికన్ చర్చి హాలు మధ్యాహ్నం పూట మాకు ఇచ్చేవారు. ఆరాధన తర్వాత భోజనాల దగ్గర ఆవిడే అందరికీ ముసలాయన కథ చెప్పింది. ఆ రాళ్లని చూసేవాళ్లు లేరని, తనకి వంగే ఓపిక లేదని అంది. మా సంఘ పెద్ద, రిటైరైన డాక్టరు గారు, చేతిలో ప్లేటు పక్కన పెట్టేశారు. డెబ్భైల దశకంలో ఈ దేశం వచ్చిన మనిషి, ఆయన తల్లిదండ్రుల సమాధులు మా కోస్తాలో ఎక్కడో ఉన్నాయి.

"మనకిక్కడ ఒక్క సమాధైనా ఉందా అమ్మా? ప్రతి ఏడూ సమాధుల పండక్కి ఖాళీ టేబుల్ మీద క్యాండిల్స్ వెలిగిస్తున్నాం. ఈసారి ఈ అమ్మగారి వాళ్లకి చేద్దాం," అన్నారు.

మా వైపు సమాధుల పండుగ ఎలా చేస్తారో తెలియనివాళ్లకి చెప్పాలి. నవంబరు మొదట్లో ముందుగా సమాధుల తోటకి వెళ్లి పిచ్చిమొక్కలు పీకేస్తాం. కుంగిన చోట మట్టి పోసి మెత్తుతాం. పగుళ్లు పూడ్చి సున్నం వేస్తాం. పండుగ రోజు బంతిపూలు పరిచి, కొవ్వొత్తులు వెలిగించి, పాటలు పాడుకుని వస్తాం. తల్లిదండ్రుల సమాధి మీద గడ్డి మొలిస్తే ఊళ్లో తలెత్తుకోలేం. ప్రేమ అంటే మాకు అదే తెలుసు, శుభ్రం చేయడం.

పెద్దావిడ సంతోషానికి అంతు లేదు. శనివారం పొద్దున్నే సంఘమంతా దిగింది. మా ఆయన మట్టి తిరగేసే యంత్రం అద్దెకి తెచ్చాడు. నీలం పూల తీగని వేళ్లతో సహా లాగి పారేశారు. గుంటల్లో సంచుల కొద్దీ మట్టి పోసి చదును చేశారు. పడిపోయిన రాళ్లు, ఒరిగిన రాళ్లు, చిన్నవీ పెద్దవీ అన్నీ పోగుచేసి, బ్రష్షులతో కడిగి, సైజు ప్రకారం చక్కగా వరసలో నిలబెట్టారు. డాక్టరు గారు ముందు తెచ్చిన సున్నం గడ్డికి చల్లేదట, అది రాళ్లకి అంటుకోలేదు. ఒకటే హడావిడి. మళ్లీ షాపుకి పరిగెత్తి, తాపీ పనివాళ్లు వాడే సున్నం తెచ్చి కలిపి వేశారు. సాయంత్రానికి ఆ చోటు మా ఊరి సమాధుల తోటలా తెల్లగా మెరిసింది. చెప్పొద్దూ, నాకూ కడుపు నిండినట్టయింది.

పెద్దావిడ మడత కుర్చీలో కూర్చుని అంతా చూసింది. ఎవరినీ ఆపలేదు. మేము బంతిపూలు చల్లి తెలుగులో పాడుతుంటే కళ్లు తుడుచుకుంటూ తనూ గొంతు కలిపింది. ముసలాయన కోసం ఇంతమంది ఎన్నడూ రాలేదు అంది. మా ఆయన అందరినీ తెల్లటి రాళ్ల ముందు నిలబెట్టి ఫొటోలు తీశాడు.

ఏడాది తిరిగాక కంపెనీ మళ్లీ పని మొదలుపెట్టింది. నిపుణురాలు వచ్చింది. ఇంకా ముప్ఫై నిండని పిల్ల, చేతిలో సన్నటి ఉక్కు కడ్డీ. పెద్దావిడ ఆ రోజు మంచి గౌను వేసుకుని, జుట్టు దువ్వుకుని, మా కంటే ముందే గేటు దగ్గర నిలబడింది. ఆ అమ్మాయి సీడర్ చెట్ల దగ్గరికి వచ్చి ఆగిపోయింది. తెల్ల రాళ్లని చూసింది, నేలని చూసింది, మమ్మల్ని చూసింది.

ఇలాంటి పాత శ్మశానాల్ని ఎలా గుర్తుపడతారో ఆ అమ్మాయి అప్పుడు చెప్పింది. ఆ నీలం పూల తీగ దానంతట అదే అడవిలో మొలవదట, పాతకాలం వాళ్లు సమాధుల మీదే నాటేవారట. గుంటలు ఎందుకంటే, లోపల పెట్టె కుళ్లి మట్టి కుంగుతుంది. రాళ్లు రెండేసి ఉంటాయి, తల దగ్గర పెద్దది, కాళ్ల దగ్గర చిన్నది, తూర్పు ముఖంగా. వాటి మధ్య దూరాన్ని బట్టి పెద్దవాళ్లో పిల్లలో తెలుస్తుంది. ఆ అమ్మాయి చెప్పిన ఒక్కొక్క గుర్తునీ మేము చేతులారా తుడిచేశాం.

ఏ రాయి ఎక్కడుండేదో చెప్పగలరా అని అడిగింది. సున్నం వేశాక అన్ని రాళ్లూ ఒక్కలాగే ఉన్నాయి. పెద్దావిడ గబగబా ముందుకు వెళ్లింది. ఇదిగో ఇక్కడ ముసలాయన అని ఒక చోటు చూపించి, కాదు కాదని పక్కకి జరిగింది. మళ్లీ ఇంకొంచెం జరిగింది. పుట్టినప్పటి నుంచి కళ్లు మూసుకుని తిరిగిన చోట ఆవిడ దారి తప్పిపోయింది. పాత ఫొటోలున్నాయా అని ఆ అమ్మాయి మా ఆయన్ని అడిగింది. ఉన్న ఫొటోలన్నీ పని అయిపోయాక తీసినవే. అందరం నవ్వుతున్నాం.

తవ్వి చూడొచ్చు కదా అని బతిమాలాను. కంపెనీ ఒప్పుకున్నది ఒక్క రోజుకి, కడ్డీ గుచ్చి చూడడానికేనట. సమాధి ఉన్న చోట కడ్డీ సులువుగా దిగి, లేని చోట గట్టి నేల తగిలి ఆగాలట. ఇక్కడ ఎక్కడ గుచ్చినా మేము తిరగేసి పోసిన మెత్తటి మట్టిలోకి ఒకేలా దిగింది. సమాధులకి ఆధారం లేదని, ఇది ఈమధ్య ఎవరో చేసుకున్న తోట అలంకరణలా ఉందని రిపోర్టు వచ్చింది. అబద్ధమూ కాదు.

ఊరుకోలేదు. టౌన్ మీటింగ్‌కి వెళ్లాం. డాక్టరు గారు కోటూ టై వేసుకుని మైకు ముందు నిలబడి, తెలియక చేశాం, అది మా ఆచారం, ఆ తల్లి మాట నమ్మండి అన్నారు. వాళ్లు ఓపిగ్గా విన్నారు, వచ్చినందుకు థాంక్స్ చెప్పారు, తర్వాతి విషయానికి వెళ్లిపోయారు. పార్కింగ్‌లో ఆయన కారు తాళం పెట్టలేకపోతుంటే మా ఆయన డ్రైవ్ చేసి ఇంట్లో దింపి వచ్చాడు. ఆ తర్వాత ఆయన ఎన్నడూ సమాధుల పండుగ మాటెత్తలేదు.

ఇంటికొచ్చి నేను అందరినీ తిట్టాను. కంపెనీని, టౌన్ వాళ్లని, పోయిన ఆ తమ్ముణ్ణి, మా సంఘాన్ని. దేవుణ్ణి కూడా వదల్లేదు. మనకి తెలియదు కదా అన్నాడు మా ఆయన. తెలియకపోతే మాత్రం ఆ రాళ్లు వాటి చోటికి నడిచి వెళ్తాయా అని అరిచాను. ఏ తిట్టూ ఎవరికీ అతకలేదు. మర్నాడు ఏ మొహం పెట్టుకుని వెళ్లాలో తెలియకుండానే ఆవిడ దగ్గరికి వెళ్లాను. ఆవిడ అరిస్తే బాగుండునని ఎంత కోరుకున్నానో.

"నా తమ్ముడు అమ్మేశాడు, నేను వదిలేశాను. వచ్చి శుభ్రం చేసింది మీరే హనీ. దానికి నేను మిమ్మల్ని ఏమంటాను?" అంది.

అప్పటి నుంచి ఆవిడ గేటు దాటలేదు. ఎక్కడ నిలబడాలో తెలియని చోటికి వెళ్లి ఏం చెయ్యను అనేది. వసంతంలో ఆసుపత్రిలో పోయింది. చివరి రోజుల్లో ఆ ప్రస్తావన తెస్తుందేమోనని నేను భయపడుతూ కూర్చునేదాన్ని. తేలేదు. ఊరి బయట హైవే పక్కన ఒక పెద్ద శ్మశానంలో పెట్టాం. అక్కడ రాళ్లు నిలబెట్టనివ్వరు. గడ్డి కోసే యంత్రం ఆగకుండా పోవడానికి వీలుగా పలకని నేలలోకి దించేస్తారు. చుట్టుపక్కల ఎవరూ ఆవిడకి చుట్టాలు కారు.

ఎండాకాలంలో మా వెనక అడవిలోకి యంత్రాలు వచ్చాయి. ఒకరోజు మధ్యాహ్నం ఉన్నట్టుండి చప్పుళ్లు ఆగిపోయాయి. సాయంత్రం ఆ నిపుణురాలే మా తలుపు కొట్టింది. బూట్ల నిండా ఎర్రమట్టి. లోపలికి రమ్మన్నా రాలేదు. మేము పోసిన మట్టిని యంత్రం గీకేశాక, అడుగున ఎర్ర నేలలో నల్లటి మచ్చలు బయటపడ్డాయట, పొడుగ్గా, తూర్పు ముఖంగా, వరసగా. వాటిలో ఒకటి మరీ చిన్నది. పెద్దావిడ చెప్పినవన్నీ నిజమే. ఆ అమ్మాయి తల దించుకుని నిలబడింది. నాకు ఓదార్చడానికి మనసు రాలేదు, తిట్టడానికీ రాలేదు.

సమాధులు ఉన్నాయని తేలింది కాబట్టి పని ఆపుతారనుకున్నాను. ప్లాన్‌కి అప్పటికే అనుమతి ఇచ్చేశారట, రోడ్డు అక్కడి నుంచే వెళ్లాలట. చట్టప్రకారం దొరికినవాటిని తీసి, కౌంటీ అవతల వైపున్న పాత శ్మశానంలో పెడతారట. దొరికింది మాత్రం ఏముంది, కొన్ని మేకులు, గుండీలు, కాసిని ఎముక ముక్కలు, నల్లమట్టి. అన్నీ చిన్నచిన్న పెట్టెల్లోకి ఎత్తారు. అప్పుడు నాకు ఒక ఆలోచన వచ్చింది. ఎలాగూ తీస్తున్నారు కదా, ఎక్కడో ఎందుకు, వాటిని హైవే పక్కన ఆవిడ దగ్గరే పెట్టమన్నాను. ఆవిడ వాళ్ల దగ్గరికి వెళ్లలేకపోయింది, కనీసం వాళ్లనైనా ఆవిడ దగ్గరికి పంపమని ఏడుస్తూ అడిగాను. ఆ అమ్మాయి కనుక్కుంటానని మాటిచ్చి వెళ్లింది.

రెండు రోజులకి ఫోన్ వచ్చింది. ఫలానా చోట పెట్టమని కోరే హక్కు రక్తసంబంధీకులకే ఉందట, సంఘాలకీ ఇరుగుపొరుగుకీ లేదట. వంశస్థులు ఎవరైనా ఒక్కరు అడిగితే వెంటనే చేస్తామన్నారట. ఆ అమ్మాయి గొంతులో నిజంగానే ఆశ వినిపించింది.

"ఫ్యామిలీలో ఒక్కరైనా ఉన్నారా? ఎంత దూరపు బంధువైనా పర్లేదు, ఎక్కడున్నా నేనే వెళ్లి మాట్లాడతాను," అంది.

ఉన్నారని చెప్పాను. ఒక్కరే ఉన్నారని, హైవే పక్కన గడ్డి కింద ఉన్నారని చెప్పి ఫోన్ పెట్టేశాను.